క్వార్టర్ కేసులో ఇల్లు నిలవదు, లెక్క నిలబెట్టుకోండి

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ నాన్నగారు కేంద్ర ప్రభుత్వ ఉద్యోగి, 11 నెలల కిందట రిటైరయ్యారు. మీ చెల్లెలి చదువు మధ్యలో ఉందని క్వార్టర్ ఖాళీ చేయలేదు. గడువు పొడిగించమని అర్జీ ఇచ్చారు, జవాబు రాలేదు. ఇప్పుడు ప్రభుత్వ ఇళ్లు ఖాళీ చేయించే అధికారి, ఎస్టేట్ ఆఫీసర్ నుంచి నోటీసు వచ్చింది, దానితోపాటే లక్షల్లో డ్యామేజీల (గడువు దాటి ఉన్నందుకు కట్టాల్సిన సొమ్ము) లెక్క కూడా. గ్రాట్యుటీ ఆగిపోయింది. మీరూ అదే శాఖలో పనిచేస్తున్నారు, మీకు రావలసిన క్వార్టర్ జూనియర్‌కి ఇచ్చారని మీ అనుమానం. స్టే వస్తుందా, గ్రాట్యుటీ ఆపే హక్కు వాళ్లకి ఉందా, జూనియర్ అలాట్‌మెంట్ మీద కేసు వేయొచ్చా అని అడిగారు. చివర్లో కోపంగా, "పెద్దవాళ్లు ఏళ్ల తరబడి బంగళాల్లో ఉంటే అడిగే దిక్కు లేదు, ప్రతాపమంతా మా మీదే" అని కూడా రాశారు.

నేను ఎస్టేట్ సెక్షన్‌లో ఇరవై రెండేళ్లు ఫైళ్లు మోసినవాడిని. ఇలాంటి నోటీసులు వందలకొద్దీ టైపు చేయించాను. బయటికొచ్చాక ఎనిమిదేళ్లుగా ఇవే నోటీసులకు జవాబులు రాసిపెడుతున్నాను. అటూ ఇటూ చూశాను కాబట్టి ముందే చెప్పేస్తున్నాను, ఏమీ అనుకోకండి: ఇల్లు నిలబెట్టుకోవడానికి పోరాడితే ఓడిపోతారు. ఎన్ని నెలలకు డ్యామేజీలు వేశారు, ఏ రేటున వేశారు, గ్రాట్యుటీలో మిగిలింది ఎప్పుడిస్తారు, మీ బలమంతా వీటి మీద పెట్టండి. అక్కడ గెలిచినవాళ్లని చాలామందిని చూశాను.

ఇల్లు ఎందుకు నిలవదో చెబుతాను. జీతంలో నెలనెలా కోసేదాన్ని మనం అద్దె అంటాం. కాగితం మీద దాని పేరు లైసెన్స్ ఫీజు. సగం కేసు ఆ పేరులోనే తేలిపోతుంది. అద్దెకున్నవాడికి ఇంటి మీద ఎంతో కొంత హక్కు పుడుతుంది. లైసెన్స్ మీద ఉన్నవాడికి అనుమతి ఉన్నన్నాళ్లు ఉండే వీలు తప్ప ఏమీ పుట్టదు. 1971 నాటి పబ్లిక్ ప్రెమిసెస్ చట్టం (మా సెక్షన్‌లో పీపీ యాక్ట్ అనేవాళ్లం) సెక్షన్ 2(జి)లో అనధికార నివాసం అంటే ఏమిటో ఉంది. దొంగతనంగా దూరినవాడొక్కడే కాదు, సక్రమంగా వచ్చి గడువు తీరాక ఉండిపోయినవాడు కూడా అందులోకే వస్తాడు. "మా అలాట్‌మెంట్ రద్దు చేసినట్టు ఉత్తర్వు ఎక్కడుంది?" అని మీ నాన్నగారు అడుగుతున్నారని రాశారు. రైల్వే క్వార్టర్ల విషయంలో క్యాట్ (కేంద్ర ఉద్యోగుల సర్వీసు వివాదాలు వినే ట్రిబ్యునల్) ఫుల్ బెంచ్ 1996లోనే ఈ వాదన తీసేసింది. అనుమతి గడువు దాటిన రోజునే అలాట్‌మెంట్ రద్దయినట్టు, విడిగా ఉత్తర్వు అక్కర్లేదు అంది. మిగతా శాఖలూ దాన్నే చూపిస్తాయి.

సానుభూతి పనిచేస్తుందా అంటే, 2021 ఆగస్టులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఒకటి చెబుతాను. కశ్మీర్ నుంచి చెల్లాచెదురై వచ్చిన కుటుంబం, ఆయన ఇంటెలిజెన్స్ బ్యూరోలో పనిచేసి 2006లో రిటైరయ్యారు, ఫరీదాబాద్‌లో క్వార్టర్. సొంత ఊరికి తిరిగి వెళ్లే పరిస్థితి లేదు. ఇంతకన్నా జాలి కలిగించే కేసు ఉంటుందా? హైకోర్టు ఆయన వైపే మొగ్గింది. సుప్రీంకోర్టు మాత్రం ప్రభుత్వ క్వార్టర్ సర్వీసులో ఉన్నవాళ్ల కోసం, రిటైరైనవాళ్లకు దయతో ఇచ్చేది కాదు, తలదాచుకునే హక్కంటే ప్రభుత్వ క్వార్టర్ మీద హక్కు కాదు అని చెప్పి, అక్టోబరు 31 లోగా ఖాళీ చేయమంది. ఆయన పరిస్థితే నిలవని చోట మీ చెల్లెలి సెమిస్టర్ పరీక్షలు నిలుస్తాయని నేను చెప్పలేను.

ఇక మీరు రాయని ముఖ్యమైన సంగతి ఒకటుంది. కేంద్ర ఉద్యోగి అన్నారు గానీ, క్వార్టర్ ఏ పూల్‌ది, అంటే ఎవరి అజమాయిషీలో ఉన్న ఇళ్లలోది? రైల్వేనా, ఎస్టేట్స్ డైరెక్టరేట్ చూసే జనరల్ పూలా, లేక శాఖ సొంత క్వార్టరా? లెక్కంతా దీని మీదే తిరుగుతుంది.

జనరల్ పూల్ అయితే 2017 నియమాలు. రిటైరయ్యాక 6 నెలలు మామూలు లైసెన్స్ ఫీజు మీద ఉండొచ్చు. అంటే మీ 11 నెలల్లో అనధికారం 5 నెలలే. రైల్వే అయితే మామూలు అద్దె మీద 4 నెలలు, పిల్లల చదువు లేదా ఇంట్లో జబ్బు కారణంగా అనుమతి తెచ్చుకుంటే రెట్టింపు ఫీజు మీద ఇంకో 4 నెలలు. అనుమతి ఉంటే మీ అనధికార కాలం 3 నెలలు, లేకపోతే 7 నెలలు. ఆ నాలుగు నెలల తేడా ఎంతో మీరే లెక్క వేసుకోండి. డ్యామేజీలు మామూలు ఫీజుకు పదుల రెట్లు ఉంటాయి, నెలలు గడిచేకొద్దీ రేటు పెరిగే పద్ధతి చాలాచోట్ల ఉంది. కాబట్టి మీ నాన్నగారు ఇచ్చిన అర్జీ మామూలు కాగితం కాదు. అది ఏ తేదీన ఇచ్చారు? గడువు లోపలా, గడువు దాటాకా? స్టాంపు వేసిన కాపీ మీ దగ్గరుందా?

ఒకసారి ఇలాంటి విచారణకే ఒక పెద్దాయనతో వెళ్లాను. ఎస్టేట్ ఆఫీసర్ గది అంటే కోర్టులా ఏమీ ఉండదు. బల్లకు ఆ పక్క ఆయన, ఈ పక్క రెండు ప్లాస్టిక్ కుర్చీలు, మూలన ఫైళ్ల కట్టలు. ఆఫీసర్ మర్యాదగానే అడిగాడు: "అనుమతి ఉందా సార్?" పెద్దాయన జేబులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం తీశాడు, పొడిగింపు అర్జీ. దాని మీద పచ్చ సిరాతో "డిస్కస్" అని రాసి సంతకం ఉంది. ఆ ఒక్క మాట చూసుకుని ఆయన ఐదు నెలలు ధీమాగా ఉన్నాడు. డిస్కస్ అంటే ఆఫీసు భాషలో మాట్లాడదాం రా అని. ఎవరూ మాట్లాడలేదు, ఎవరూ కాదనలేదు. ఇల్లు పోయింది. కానీ ఆ కాగితమే తర్వాత డబ్బు మిగిల్చింది. గడువు లోపల అడిగాడు, కారణం చూపాడు, ఆఫీసు కాదని చెప్పలేదు, చెప్పి ఉంటే ఖాళీ చేసేవాడు అని రాసి, కాలేజీ బోనఫైడ్ సర్టిఫికెట్ జతపరిచి, ఆ నెలల్ని అనుమతించిన కాలంగా లెక్కించమని కోరాం. పై అధికారి కొంత మేరకు ఒప్పుకున్నాడు. మీ విషయంలోనూ రైల్వే అయితే ముందు చేయాల్సింది ఇదే. జనరల్ పూల్ అయితే ఆరు నెలల తర్వాత చదువు పేరుతో పొడిగింపును హక్కుగా అడగడం కష్టం. అయినా అర్జీ ఇచ్చిన సంగతి రికార్డులో ఉండాలి, డ్యామేజీల రేటు దగ్గర పనికొస్తుంది.

ఇప్పుడు నోటీసు. పైన ఏ సెక్షన్ రాసి ఉందో చూడండి. పాత పద్ధతిలో సెక్షన్ 4 కింద షోకాజ్ (ఎందుకు ఖాళీ చేయించకూడదో చెప్పమనే నోటీసు), తర్వాత సెక్షన్ 5 కింద ఖాళీ ఉత్తర్వు. 2019 సవరణ సెప్టెంబరు 16 నుంచి అమల్లోకి వచ్చాక, ఉద్యోగులకు లైసెన్స్ మీద ఇచ్చిన ఇళ్లకు సెక్షన్ 3బి వచ్చింది. దాని కింద జవాబుకు మూడు పని దినాలే. మూడు రోజులని నమ్మలేక "నెల రోజులు ఇస్తారులే" అనుకుని ఊరుకున్నవాళ్లు ఉన్నారు. మీరలా చేయకండి. ఈ రాత్రికే జవాబు రాయండి. అందులో ధర్మపన్నాలు వద్దు. రిటైరైన తేదీ, అనుమతి గడువు ఎప్పటివరకు, అర్జీ ఇచ్చిన తేదీ, దానికి జవాబు రాలేదన్న సంగతి, ఏ తేదీకి ఖాళీ చేస్తారో ఆ తేదీ, ఇవి చాలు. "ఖాళీ చేయను" అన్న మాట జవాబులో ఎక్కడా కనిపించకూడదు. జవాబును చేతికిచ్చి ఇన్‌వార్డులో (ఆఫీసులో కాగితాలు తీసుకునే చోట) స్టాంపు వేయించుకోండి, అదే రోజు ఈమెయిల్ కూడా పెట్టండి.

ఎస్.డి. బండి కేసులో 2013లో సుప్రీంకోర్టు, రిటైర్మెంటుకు మూడు నెలల ముందే ఉద్యోగికి ముందస్తు నోటీసు పంపాలనీ, ఆ బాధ్యత అతని శాఖదేననీ మార్గదర్శకాలు పెట్టింది. మీ నాన్నగారికి అలాంటి నోటీసు రాకపోతే ఆ మాట జవాబులో రాయండి. దానివల్ల ఇల్లు నిలుస్తుందని మాత్రం ఏ లాయరైనా చెబితే, ఫీజు ఇచ్చే ముందు ఇంకొకరిని అడగండి.

స్టే గురించి అడిగారు. సివిల్ కోర్టులో దావా వేయడానికి లేదు, సెక్షన్ 15 ఆ తలుపు మూసేసింది. సర్వీసు విషయాలన్నిటికీ క్యాట్ కదా అని అక్కడికి వెళతారు. పీపీ యాక్ట్ కింద వచ్చిన ఖాళీ ఉత్తర్వుల మీద క్యాట్‌కు అధికారం లేదని సుప్రీంకోర్టు 2000లోనే తేల్చింది. అక్కడ ఆరు నెలలు పోగొట్టుకుని తిరిగొచ్చినవాళ్లున్నారు, ఆ ఆరు నెలల డ్యామేజీలు వాళ్ల నెత్తినే పడ్డాయి. సెక్షన్ 5, 7 ఉత్తర్వుల మీద జిల్లా జడ్జికి అప్పీలు ఉంది, గడువు 12 రోజులు. పన్నెండే, తొంభై కాదు. 3బి ఉత్తర్వు అయితే దారి వేరుగా ఉండొచ్చు, ఎక్కువగా హైకోర్టు రిట్ వరకే మిగులుతుంది. ఆ కాగితం పట్టుకుని లాయరు దగ్గరికి వెళ్లండి, ఫోన్లో చెబితే కుదరదు.

హైకోర్టుకు వెళ్లినా మామూలుగా జరిగేది ఒకటే. "ఎప్పుడు ఖాళీ చేస్తారు?" అని జడ్జిగారు అడుగుతారు. తేదీ చెప్పి అండర్‌టేకింగ్ (రాతపూర్వక హామీ) ఇస్తే కొన్ని వారాలు దొరుకుతాయి. ఆ వారాలు కూడా ఉచితం కావు. సెక్షన్ 3బి ఉత్తర్వును ఏ కోర్టులో సవాలు చేసినా ఇల్లు చేతిలో ఉన్నంతకాలం నెలనెలా డ్యామేజీలు కట్టాలని 2019 సవరణ సెక్షన్ 7(3ఎ)లో పెట్టింది. స్టే తెచ్చుకుని కులాసాగా ఉండే రోజులు దాంతో పోయాయి. అందుకే నేను అందరికీ చెప్పేది: ముందు బయట ఇల్లు చూసుకోండి, ఆ తర్వాత లాయరును చూసుకోండి. మీ చెల్లెలి కాలేజీకి దగ్గర్లో రెండు గదులు తీసుకున్నా డ్యామేజీల కన్నా చౌకే పడుతుంది.

ఖాళీ చేయడంలో కూడా ఒక పద్ధతుంది. చాలా డబ్బు ఇక్కడే పోతుంది, అందుకని కాస్త వివరంగా చెబుతాను. నా దగ్గరికి ఒకాయన వచ్చాడు, ఐదు నెలల డ్యామేజీల నోటీసుతో. "నేను జూన్‌లోనే ఖాళీ చేశానండీ, తాళం చెవులు వాచ్‌మన్‌కి ఇచ్చాను" అన్నాడు. వాచ్‌మన్ తీసుకున్నాడు, గూట్లో పెట్టాడు, తర్వాత అతన్ని వేరే కాలనీకి మార్చారు. ఎంక్వైరీ ఆఫీసులో వేకేషన్ రిపోర్ట్ (ఇల్లు ఖాళీ అయినట్టు రాసే కాగితం) పుట్టలేదు. రిపోర్ట్ లేకపోతే రికార్డు ప్రకారం ఆయన ఇంకా ఆ ఇంట్లోనే ఉన్నాడు, మీటరు మాత్రం ఆగిపోయింది. ఆ మీటరే ఆయన్ని కాపాడింది. జూలై నుంచి కరెంటు బిల్లులన్నీ సున్నా యూనిట్లు. గ్యాస్ కనెక్షన్ మార్చిన కాగితం, సామాను తీసుకెళ్లిన లారీ రసీదు, కొత్త ఇంటి అద్దె ఒప్పందం, ఈ మూడూ ఒకే వారంలోవి. అవన్నీ కలిపి కుట్టి పెడితే అప్పీల్లో ఐదు నెలలు ఒక నెలకు దిగింది. మీరు ఖాళీ చేసే రోజున ఇంజనీరింగ్ సెక్షన్ మనిషిని పిలిపించండి, ఫ్యాన్లు, ట్యూబ్‌లైట్లు, కుళాయిలు లెక్క చూపించండి, వేకేషన్ రిపోర్ట్ మీద తేదీతో సంతకం తీసుకునే చెవులు చేతికివ్వండి. గది గదికీ ఫోన్లో ఫొటోలు తీసి పెట్టుకోండి. విరిగిన వాష్‌బేసిన్ కూడా డ్యామేజీలోకే వస్తుంది.

ఇక డ్యామేజీల రేటు. ఎస్టేట్ ఆఫీసర్ తన ఇష్టం వచ్చిన అంకె వేయడానికి లేదు. సెక్షన్ 7 కింద నోటీసిచ్చి మీరు చెప్పేది వినాలి. చట్టం కింది నియమాల్లో ఏయే అంశాలు చూడాలో ఉంది: ఎందుకు ఉన్నారు, ఎంతకాలం ఉన్నారు, ఇంటి సైజు, స్థాయి, బయటివాళ్లకిస్తే ఎంత అద్దె వచ్చేది, ఇంటికి ఏమైనా నష్టం జరిగిందా. కాబట్టి లెక్క వేసిన వర్కింగ్ షీటు అడగండి. ఇంటి వైశాల్యం తప్పు, టైపు (ఇంటి తరగతి) తప్పు, అనుమతి ఉన్న నెలలు కూడా కలిపేయడం, ఈ మూడు తప్పులూ నేను మళ్లీ మళ్లీ చూసినవే. నిజం చెప్పాలంటే, సెక్షన్‌లో ఉన్నప్పుడు మేమే చేశాం. పాత ఫైల్లోని షీటు కాపీ కొట్టి పేరు మార్చిన రోజులు లేకపోలేదు.

గ్రాట్యుటీ దగ్గర లాయర్లు కూడా గందరగోళపడతారు, ఎందుకంటే తీర్పులు రెండు వైపులా ఉన్నాయి. 1994లో ఆదాయపు పన్ను శాఖ ఉద్యోగి కేసులో, డ్యామేజీల వివాదం ఉందన్న ఒక్క కారణంతో గ్రాట్యుటీ ఆపకూడదని చెప్పి సుప్రీంకోర్టు 18 శాతం వడ్డీ వేయించింది. 2001లో గోరఖ్‌పూర్ యూనివర్సిటీ కేసులోనూ ఉద్యోగి వైపే చెప్పింది, పెన్షన్, గ్రాట్యుటీ యజమాని దయ కాదంది. మీ లాయరు ఈ రెండూ చూపించి ధైర్యం చెప్పి ఉంటాడు. అవతలి లాయరు 2005 నాటి ఓఎన్‌జీసీ కేసు తీస్తాడు, పీనల్ రెంట్‌ను (గడువు దాటి ఉన్నందుకు వేసే జరిమానా అద్దె) గ్రాట్యుటీలోంచి మినహాయించుకోవచ్చని. ఆపైన 2020 డిసెంబరులో ముగ్గురు జడ్జీల బెంచ్ ప్రభుత్వ ఉక్కు సంస్థ సెయిల్ కేసులో, గడువు దాటి ఉంటే పీనల్ రెంట్ సహజమే, దాన్ని గ్రాట్యుటీతో సహా రావలసిన బకాయిల్లో సర్దుకోవచ్చని చెప్పింది. నా అనుభవంలో గాలి ఇప్పుడు ఇటే వీస్తోంది.

అయితే తీర్పుల కన్నా ముందు మీ శాఖ నియమం చూడాలి. రైల్వే అయితే 1993 పెన్షన్ నియమాల్లో 16వ నియమం చాలా కఠినంగా ఉంది. క్వార్టర్ ఖాళీ చేయకపోతే గ్రాట్యుటీ మొత్తం ఆపొచ్చు, ఖాళీ చేశాక బకాయి మినహాయించుకుని మిగిలింది ఇస్తారు. పైగా గడువు దాటిన ప్రతి నెలకీ రిటైర్మెంట్ పాసు ఒక సెట్ పోతుంది. సివిల్ పెన్షన్ నియమాల కింద ఉన్న శాఖ అయితే, ఎస్టేట్స్ నుంచి నో డిమాండ్ సర్టిఫికెట్ (బకాయి లేదన్న పత్రం) రాకపోతే గ్రాట్యుటీలో 10 శాతం ఆపి మిగతాది ఇచ్చేయాలి. మొత్తం ఆపితే అక్కడ మీకు గట్టి పాయింటు దొరికినట్టే. ఈ గ్రాట్యుటీ విషయానికి మాత్రం క్యాట్‌కే వెళ్లాలి, ఖాళీ ఉత్తర్వుతో కలిపి వేయకండి. ఇంకో సంగతి చాలామందికి తెలియదు: రిటైరయ్యాక అనుమతి గడువు దాటి ఉన్న కాలపు బకాయిని పెన్షనర్ ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా పెన్షన్‌తో వచ్చే కరువు భత్యం, అంటే డియర్‌నెస్ రిలీఫ్‌లోంచి కోసుకునే వీలు కూడా ఆ నియమాల్లోనే ఉంది. డబ్బు ఎలాగూ వసూలు చేస్తారు. అందుకే ముందు అంకె తగ్గించుకోవాలి అంటున్నాను.

మీ రెండో గొడవకు వద్దాం, జూనియర్‌కి క్వార్టర్. మీ కోపం నిజమే కావచ్చు. కానీ ముందు మీరు తెలుసుకోవాల్సింది, క్వార్టర్ సీనియారిటీ, సర్వీసు సీనియారిటీ ఒకటి కాదు. జనరల్ పూల్‌లో కింది టైపులకు సర్వీసులో చేరిన తేదీ చూస్తారు, పై టైపులకు పే లెవల్, అది ఎప్పటినుంచి అన్నది చూస్తారు. వికలాంగులు, జబ్బు కారణంగా ఇచ్చేవి, ఎస్సీ, ఎస్టీ వాటా, మహిళల వాటా, వీటికి వరస వేరు. ఆన్‌లైన్ వచ్చాక ఇంకొకటి: ప్రకటించిన ఖాళీలకు గడువులోగా మీరు ఇష్టం పెట్టుకోవాలి. ఆ నెల లాగిన్ కాకపోతే మీ వంతు మీదుగా కిందివాడికి వెళ్లిపోతుంది. అందులో అక్రమం లేదు. నా దగ్గరికి అన్యాయం జరిగిందని వచ్చినవాళ్లలో చాలామంది ఆ నెల ఆప్షన్ పెట్టనివాళ్లే.

కాబట్టి ముందు సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టండి. ఆ టైపుకు వెయిటింగ్ లిస్ట్, ప్రాధాన్య తేదీలు, ఆ క్వార్టర్ ఏ వాటాలో ఇచ్చారు, వరస తప్పించి ఇస్తే ఆ ఉత్తర్వు కాపీ, ఇంతవరకే అడగండి. "ఎందుకు ఇచ్చారు?" అని అడిగితే సమాచారం కాదని తిప్పి కొడతారు. వరస తప్పించి ఇచ్చినట్టు తేలితే శివసాగర్ తివారీ కేసు మీకు పనికొస్తుంది. ఢిల్లీలో ఇష్టారాజ్యంగా జరిగిన అవుట్ ఆఫ్ టర్న్ అలాట్‌మెంట్ల మీద సుప్రీంకోర్టు 1996లో విరుచుకుపడి, ఏడాదిలో ఒక్కో టైపులో ఖాళీ అయ్యే ఇళ్లలో 5 శాతానికి మించి అలా ఇవ్వకూడదని కట్టడి చేసింది. ఇప్పటికీ విచక్షణాధికారం అన్న మాట వస్తే అందరూ తిరిగి చూసేది ఆ తీర్పే.

కేసు వేస్తే ఎలా వేస్తారన్నది కూడా ముఖ్యమే. "అతనికి నియమాలు సడలించి ఇచ్చారు, నాకూ సడలించండి" అంటే నిలవదు. ఒకరికి తప్పుగా ఇచ్చినది ఇంకొకరికి హక్కు కాదని కోర్టులు ఎప్పుడో తేల్చేశాయి. "నియమం ప్రకారం ఆ ఇల్లు నా వంతు, వంతు తప్పించారు" అని మీ తేదీ, అతని తేదీ పక్కపక్కన పెట్టి చూపాలి. ఆ జూనియర్‌ని కూడా ప్రతివాదిగా చేర్చాలి, లేకపోతే అక్కడే కొట్టేస్తారు. రేపు అతనితో ఒకే గదిలో పనిచేయాలి కాబట్టి, చేర్చే ముందు ఒకసారి టీ తాగుతూ మాట్లాడి చూడండి. అతనికి జబ్బుపడ్డ తల్లి ఉండొచ్చు, మీకు తెలియకపోవచ్చు. ముందు శాఖకు రిప్రజెంటేషన్ (రాతపూర్వక విన్నపం), ఆరు నెలల్లో జవాబు రాకపోతే ఆ తర్వాత ఏడాది లోపల క్యాట్. ఏడాది దాటితే ఆలస్యం ఎందుకో చెప్పుకోవడానికే విచారణంతా సరిపోతుంది. రాష్ట్ర ఉద్యోగులు ఎవరైనా ఇది చదువుతుంటే, మీకు తెలంగాణలోనూ ఆంధ్రప్రదేశ్‌లోనూ పరిపాలనా ట్రిబ్యునళ్లు రద్దయ్యాయి, నేరుగా హైకోర్టే. ఖాళీ చేయించడానికి మీకు 1968 నాటి రాష్ట్ర చట్టం వేరుగా ఉంది, సెక్షన్ల నంబర్లు నేను పైన చెప్పినవాటితో కలపకండి.

మరో మాట, మీకు నేరుగా సంబంధం లేకపోయినా. మీ నాన్నగారిని అనధికార నివాసి అన్నందుకు బాధపడుతున్నారని రాశారు. నోటీసులో ఆ మాట తిట్టు కాదు, చట్టంలో ఉన్న పదం, అంతే. క్వార్టర్ల కాలనీలో ఇరవై ఏళ్లు ఉన్న మనిషి గుమ్మానికి ఆ కాగితం అతికించి పోతే ఇరుగుపొరుగు ముందు తల ఎత్తుకోలేడని నాకు తెలుసు. నేనే అతికించి వచ్చాను, రాత్రి అన్నం సహించలేదు. నోటీసును నేరుగా చేతికి తీసుకుంటే అతికించే పని ఉండదు. తీసుకోనని వెనక్కి పంపితేనే గోడ మీదికొస్తుంది.

చివరగా పెద్దవాళ్ల సంగతి. మీరన్నది పూర్తిగా తప్పు కాదు, ఆలస్యం ఎవరికి చెల్లుతుందో అందరం చూస్తున్నదే. కానీ ఎవరూ అడగరన్నది మాత్రం నిజం కాదు. ఉత్తరప్రదేశ్ మాజీ ముఖ్యమంత్రులకు జీవితాంతం బంగళాలిచ్చే నియమాలను లోక్ ప్రహరి అనే సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు 2016 ఆగస్టులో కొట్టేసింది. ప్రభుత్వం చట్టమే సవరించి మళ్లీ ఇవ్వబోతే 2018 మేలో ఆ సవరణనూ కొట్టేసింది, కుర్చీ దిగాక ముఖ్యమంత్రి కూడా మామూలు పౌరుడే అని. బిహార్‌లో ఉప ముఖ్యమంత్రి పదవి పోయాక బంగళా వదలనని తేజస్వి యాదవ్ సుప్రీంకోర్టు దాకా వెళితే 2019 ఫిబ్రవరిలో పిటిషన్ కొట్టేసి 50,000 రూపాయలు ఖర్చులు వేసింది. ఉత్తరాఖండ్‌లో మాజీ ముఖ్యమంత్రులు మార్కెట్ అద్దె కట్టాలని 2019లో హైకోర్టు చెప్పింది, బకాయి మాఫీకి తెచ్చిన చట్టాన్ని 2020లో కొట్టేసింది. 2025 జూలైలో అయితే మాజీ ప్రధాన న్యాయమూర్తి ఉంటున్న బంగళా గడువు దాటిందని సుప్రీంకోర్టు అడ్మినిస్ట్రేషనే కేంద్రానికి లేఖ రాసింది. కూతుళ్ల ఆరోగ్య అవసరాల వల్ల ఆలస్యమైందని ఆయన చెప్పారు, కొద్ది వారాల్లో ఖాళీ చేశారు. మన హైదరాబాద్ సంగతే తీసుకుంటే, ఇది ఇళ్లు కాదు ఇళ్ల స్థలాలు అనుకోండి, ఎంపీలు, ఎమ్మెల్యేలు, అధికారులు, జడ్జీలు, జర్నలిస్టుల సొసైటీలకు ఉమ్మడి రాష్ట్రంలో భూములిచ్చిన జీవోలను 2024 నవంబరు 25న సుప్రీంకోర్టు రద్దు చేసింది. ఇవన్నీ మీ కడుపుమంట చల్లారడానికి చెప్పాను. మీ జవాబులో వీటిని రాయకండి. "వాళ్లను వదిలారు కదా" అన్న వాదన ఎస్టేట్ ఆఫీసర్ ముందు ఒక్క రూపాయి తగ్గించదు.

నోటీసు మీద ఉన్న సెక్షన్ నంబరు, మీకు అందిన తేదీ, క్వార్టర్ ఏ పూల్‌దో, అర్జీ మీద ఇన్‌వార్డు స్టాంపు ఉందో లేదో, ఈ నాలుగూ కింద రాయండి. పేర్లు, క్వార్టర్ నంబరు పెట్టకండి. అవి చూశాక జవాబు డ్రాఫ్టు ఎలా ఉండాలో చెబుతాను. నోటీసు 3బి అయితే మాత్రం నా కోసం ఆగకండి, ఖాళీ చేసే తేదీ రాసి రేపు పొద్దున్నే ఇచ్చేయండి.